బెల్లం, తాటి బెల్లం, లాక్టోజ్: ప్రత్యేక చక్కెరల ఎగుమతి, దిగుమతి ధరల తీరును సర్కారు లెక్కల నుంచి మీరే రాబట్టడం ఎలా?

“బయటి దేశాల్లో మన బెల్లం ధర పెరుగుతోందా, తగ్గుతోందా?” అన్న ప్రశ్న నాకు నెలకు రెండు మూడు సార్లైనా ఎదురవుతుంది. అడిగేవారిలో అనకాపల్లి చుట్టుపక్కల బెల్లం వండించి పొడి చేసి అమ్మేవారు ఉంటారు, రైతు ఉత్పత్తిదారుల సంఘాల లెక్కలు చూసేవారు ఉంటారు, అప్పుడప్పుడు హైదరాబాదులోని మందుల కంపెనీలకు లాక్టోజ్ (పాల చక్కెర) తెప్పించే కొనుగోలు విభాగం వారూ ఉంటారు. సరుకును బట్టి జవాబు మారుతుంది గాని, దాన్ని రాబట్టే పద్ధతి మాత్రం అందరికీ ఒకటే. ఆ పద్ధతిని ఇక్కడ వరుసగా రాస్తున్నాను.

మొదలుపెట్టే ముందు ఒక్క విషయం మనసులో పెట్టుకోండి. ప్రభుత్వం వెలువరించే ఎగుమతి, దిగుమతి పట్టికల్లో ధర అనే గడి ఉండదు. విలువ ఉంటుంది, పరిమాణం ఉంటుంది. విలువను పరిమాణంతో భాగించగా వచ్చేదాన్ని మనం ధర అనుకుంటాం గాని, నిజానికి అది ఆ నెలలో ఆ కోడ్ (ఒక్కో రకం సరుకుకు కస్టమ్స్ పట్టికలో ఇచ్చే అంకెల గుర్తు) కింద వెళ్ళిన సరుకులన్నిటి సగటు విలువ. ఈ లెక్కల్లో జరిగే పొరపాట్లలో ఎక్కువ భాగం ఆ సగటును ధరగా భ్రమించడం వల్లనే జరుగుతాయి.

ముందుగా సిద్ధం చేసుకోవలసినవి

ఎక్సెల్ గాని, అలాంటి మరే ఉచిత స్ప్రెడ్‌షీట్ గాని ఉన్న కంప్యూటరు. కనీసం ఐదేళ్ళ నెలవారీ అంకెలు, అంటే ఒక్కో కోడ్‌కు 60 వరుసలు. ఆ నెలలకు రిజర్వు బ్యాంకు ప్రకటించిన సగటు డాలర్ మారకపు రేట్లు. చక్కెరకు సంబంధించి ప్రభుత్వ విధానాలు మారిన తేదీల చిన్న జాబితా. మీరు ఇప్పటికే ఎగుమతి చేసి ఉంటే మీ సొంత ఇన్‌వాయిస్‌లు మూడు నాలుగు. మొదటిసారికి ఒక పూట పడుతుంది, ఆ తర్వాత నెలకు అరగంట చాలు.

అంకెలకు డబ్బు కట్టవలసిన పని లేదు. కేంద్ర వాణిజ్య మంత్రిత్వ శాఖ నడిపే ఎగుమతి దిగుమతి డేటా బ్యాంకులో ఎనిమిది అంకెల కోడ్ వరకు, దేశాల వారీగా వివరాలు ఉచితంగా దొరుకుతాయి. ఆ అంకెలను కోల్‌కతాలోని వాణిజ్య సమాచార, గణాంకాల డైరెక్టరేట్ జనరల్ కూర్చుతుంది. వ్యవసాయ ఎగుమతుల సంస్థ అపెడా కూడా బెల్లం, మిఠాయిల వర్గం కింద పట్టికలు ఇస్తుంది. ఇతర దేశాల వైపు నుంచి సరిచూసుకోవడానికి ఐక్యరాజ్య సమితి వారి వాణిజ్య గణాంకాల భాండాగారం కామ్‌ట్రేడ్ ఉంది, కాకపోతే అందులో ఆరు అంకెల కోడ్ వరకే పోల్చగలం.

హెచ్చరిక: ఫలానా కంపెనీ ఫలానా ధరకు పంపిందని చెప్పే షిప్పింగ్ బిల్లు (ఎగుమతిదారు కస్టమ్స్‌కు ఇచ్చే పత్రం) స్థాయి వివరాలను అమ్మజూపేవారు కొందరుంటారు. 2022 ఫైనాన్స్ చట్టం ద్వారా కస్టమ్స్ చట్టంలో 135ఎఎ అనే సెక్షన్ చేరింది. ఎగుమతిదారులు, దిగుమతిదారులు కస్టమ్స్‌కు ఇచ్చిన విలువ, పరిమాణం వంటి వివరాలను చట్టం అనుమతించని విధంగా ప్రచురించడం దాని ప్రకారం నేరం. ప్రభుత్వం తానే వెలువరించే మొత్తాలు మన పనికి సరిపోతాయి, అటు వైపు పోవద్దు.

1. మీ సరుకు ఏ కోడ్‌లో ఉందో తేల్చుకోండి

ఈ మెట్టులో పొరపాటు చేస్తే తర్వాతి శ్రమంతా వృథా, అందుకని తొందరపడకండి. 1701 అనే శీర్షిక చెరకు చక్కెరకు, దుంప చక్కెరకు సంబంధించినది. 1702 లాక్టోజ్, గ్లూకోజ్, ఫ్రక్టోజ్, పానకాలు వంటి ఇతర చక్కెరలది. మన దేశపు పట్టికలో ప్రత్యేక చక్కెరలనదగినవి ముఖ్యంగా ఇవి:

- బెల్లం: 1701 13 10, 1701 14 10
- ఖండసారి: 1701 13 20, 1701 14 20
- రంగు, రుచి కలిపిన చక్కెర: 1701 91 00
- చక్కెర బిళ్ళలు: 1701 99 10
- 99 శాతం, అంతకు మించి లాక్టోజ్ ఉన్న సరుకు: 1702 11
- మేపుల్ చక్కెర, మేపుల్ పానకం: 1702 20
- తాటి చక్కెర: 1702 90 10

బెల్లానికి రెండు కోడ్‌లు ఎందుకని చాలామంది అడుగుతారు. సెంట్రిఫ్యూజ్‌లో (మడ్డిని వేరు చేసేందుకు వేగంగా తిప్పే యంత్రంలో) తిప్పకుండా తయారై, సుక్రోజ్ కొలత పొలారిమీటర్ (చక్కెర పాలు ఎంతో చూపే పరికరం) మీద 69 డిగ్రీల నుంచి 93 డిగ్రీల లోపు ఉన్న చెరకు చక్కెరకు 2012లో 1701 13 అనే ప్రత్యేక స్థానం కల్పించారు. ఆ కొలతకు లోబడని ముడి చెరకు చక్కెర 1701 14లో పడుతుంది. ఆచరణలో ఒకే రకం బెల్లాన్ని ఒక కస్టమ్స్ బ్రోకర్ ఒక కోడ్‌లో, ఇంకొకరు రెండో కోడ్‌లో వేస్తుంటారు. కాబట్టి బెల్లం లెక్క ఎప్పుడూ రెండు కోడ్‌లను కలిపి చేయండి. ఒకదాన్నే పట్టుకుంటే, బ్రోకర్లు కోడ్ మార్చిన నెలలో ఎగుమతులు కుప్పకూలినట్టో, ఉవ్వెత్తున లేచినట్టో కనిపిస్తుంది. 2012కు ముందరి అంకెలు కూడా కావాలంటే పాత 1701 11 10ని వీటికి ముందు అతికించాలి.

పేరును చూసి మోసపోకండి. పటిక బెల్లం పేరుకు బెల్లమే గాని అది శుద్ధి చేసిన చక్కెర నుంచి పెరిగిన స్ఫటికం, బెల్లం కోడ్‌లో వెతికితే దొరకదు. తాటి బెల్లం చెరకుది కాదు కాబట్టి 1701లోకే రాదు. ఇక బ్రౌన్ షుగర్ అని పెట్టెల మీద రాసే సరుకుకు మన పట్టికలో విడిగా గడి లేదు. అది ఎలా తయారైందో చూసి కోడ్ ఇస్తారు.

2. అంకెలను నెలవారీగా, దేశాల వారీగా దించుకోండి

ఏడాది మొత్తాలు దించుకుంటే పని తేలికే గాని వాటిలో ఏమీ తెలియదు. మన ప్రభుత్వ లెక్క ఏప్రిల్ నుంచి మార్చి వరకు నడుస్తుంది, చక్కెర సీజను అక్టోబరు నుంచి సెప్టెంబరు వరకు నడుస్తుంది, విదేశాల పట్టికలు జనవరితో మొదలవుతాయి. నెలవారీ అంకెలు చేతిలో ఉంటే ఈ మూడింటిలో దేనికి కావాలంటే దానికి కూడుకోవచ్చు.

ప్రతి నెలకూ మూడు అంకెలు తీసుకోండి: రూపాయల విలువ, డాలర్ల విలువ, పరిమాణం. రెండు కరెన్సీలు ఎందుకో ఆరో మెట్టులో, పదకొండో మెట్టులో తెలుస్తుంది. దించుకున్న తేదీని పట్టిక మొదటి వరుసలో తప్పక రాసుకోండి, ఎందుకంటే తాజా నెలల అంకెలు తాత్కాలికమైనవి, తర్వాత సవరిస్తారు.

3. కొలతలను ఒక్క తీరుకు తెచ్చుకోండి

విలువ రూపాయల్లో ఉంటే లక్షల్లో, డాలర్లలో ఉంటే మిలియన్లలో ఇస్తారు. పరిమాణం వేల కిలోల్లో ఉండవచ్చు. పట్టిక పై వరుసను చదవకుండా భాగహారానికి దిగకండి. నేను వాడే తీరు ఇది: విలువను డాలర్లలోకి, పరిమాణాన్ని టన్నుల్లోకి మార్చి, టన్నుకు ఎన్ని డాలర్లో చూస్తాను, పక్కనే మరో నిలువు వరుసలో కిలోకు ఎన్ని రూపాయలో వేస్తాను. వచ్చిన బెల్లం ధర కిలోకు ఆరు పైసలో, ఆరు వేల రూపాయలో ఉంటే తప్పు మార్కెట్టుది కాదు, మీ సున్నాలది.

ఇంకొక జాగ్రత్త: పట్టికలోని విలువలు చిన్న దేశాల విషయంలో రెండు దశాంశాలకు కుదించి ఉంటాయి. 0.01 మిలియన్ డాలర్లు అని ఉన్నచోట అసలు విలువ ఐదు వేల డాలర్లు కావచ్చు, పదిహేను వేలకు దగ్గరగానూ ఉండవచ్చు. అలాంటి గడి నుంచి ధర తీయకండి. రూపాయల లక్షల్లో ఇచ్చిన విలువ ఇలాంటి చోట కొంత మేలు.

4. సగటుల సగటు తీయకండి

ఏడాది ధర కావాలంటే పన్నెండు నెలల ధరలను కూడి పన్నెండుతో భాగించడం అలవాటుగా జరిగే తప్పు. ఒక ఊహా లెక్క చూడండి. ఏప్రిల్‌లో 100 టన్నులు టన్ను 900 డాలర్ల చొప్పున, మేలో 10 టన్నులు టన్ను 1,800 డాలర్ల చొప్పున వెళ్ళాయనుకుందాం. రెండు ధరల సగటు 1,350 డాలర్లు. మొత్తం విలువను మొత్తం పరిమాణంతో భాగిస్తే వచ్చేది 982 డాలర్లు. రెండోదే సరైనది. విలువలన్నీ ముందు కూడండి, పరిమాణాలన్నీ కూడండి, ఆ తర్వాతే భాగించండి.

5. చిన్న పార్శిళ్ళను పక్కకు తీయండి

కొన్నేళ్ళ క్రితం ఒక దేశానికి బెల్లం సగటు విలువ ఒకే నెలలో దాదాపు నాలుగింతలు కావడం చూసి, అక్కడ మంచి గిరాకీ వచ్చిందని ఒక తయారీదారుకు చెప్పాను. పరిమాణపు గడి చూడనే లేదు. తర్వాత ఆరా తీస్తే ఆ నెల అక్కడికి వెళ్ళింది పండుగ కానుక పెట్టెల్లో సర్దిన కొద్దిపాటి సరుకు మాత్రమేనని తేలింది. పెట్టె ఖరీదు విలువలో కలుస్తుంది, బరువు మాత్రం లోపలి బెల్లానిదే. ఆయన అప్పటికే ఆ దేశపు లేబుళ్ళు అచ్చు వేయించుకున్నాడు.

అప్పటి నుంచి నేను ఒక హద్దు పెట్టుకున్నాను: ఒక దేశానికి ఒక నెలలో ఐదు టన్నులకు తక్కువ వెళితే ఆ నెల ధరను నెలవారీ ధరల గీతలో (గ్రాఫులో) చేర్చను. హద్దు ఐదే కానక్కరలేదు, పెద్ద సరుకులకు ఒక కంటైనర్ బరువును హద్దుగా పెట్టుకోవచ్చు. కానీ హద్దును ముందే నిర్ణయించుకోవాలి. గీత చూసిన తర్వాత నచ్చని చుక్కలను చెరిపేయడం లెక్క అనిపించుకోదు. తీసివేసిన నెలలను వేరే పేజీలో భద్రపరచండి.

6. రూపాయి చేసే మాయను విడదీయండి

డాలర్ సగటు రేటు 2021-22లో సుమారు 74.5 రూపాయలు, 2023-24లో సుమారు 82.8 రూపాయలు. టన్ను 800 డాలర్లకు అమ్మే సరుకు ధర ఈ రెండేళ్ళలో ఒక్క సెంటు కూడా కదలలేదనుకోండి. అయినా రూపాయల్లో అది కిలో 59.60 నుంచి 66.24కు చేరుతుంది. అంటే పదకొండు శాతం పెరుగుదల, కొనుగోలుదారు పైసా ఎక్కువ ఇవ్వకుండానే. రూపాయల గీత మీకు చేతికొచ్చే డబ్బు గురించి చెబుతుంది, డాలర్ల గీత విదేశీ మార్కెట్టు గురించి చెబుతుంది. రెండింటినీ ఒకే బొమ్మలో కలిపి గీయకండి.

7. సరుకు కూర్పు మారిందా, ధర మారిందా తేల్చండి

ఈ పని మొత్తంలో కష్టమైనదీ, చాలామంది దాటవేసేదీ ఇదే. బెల్లం కోడ్‌లో పది కిలోల పైబడిన దిమ్మ కూడా ఉంటుంది, అర కిలో జిప్ పౌచ్‌లో సేంద్రియ ధ్రువపత్రంతో వెళ్ళే పొడి కూడా ఉంటుంది. పట్టికకు రెండూ బెల్లమే.

ఒక ఊహా లెక్క వేద్దాం. దిమ్మలు కొనే దేశానికి మొదటి ఏడు 800 టన్నులు, టన్ను 500 డాలర్లకు వెళ్ళాయి. పౌచ్‌లు కొనే దేశానికి 200 టన్నులు, టన్ను 1,500 డాలర్లకు వెళ్ళాయి. మొత్తం సగటు 700 డాలర్లు. రెండో ఏడు రెండు చోట్లా ధర ఐదు శాతం తగ్గి 475, 1,425 అయింది. కానీ పరిమాణాలు 500, 500 టన్నులుగా మారాయి. ఇప్పుడు సగటు 950 డాలర్లు. అంటే ఉన్న ఇద్దరు కొనుగోలుదారులూ తక్కువ ధరే ఇస్తుండగా, మన పట్టికలో మాత్రం ధర 36 శాతం పెరిగినట్టు కనిపిస్తుంది. “బెల్లం ధర మూడోవంతు పెరిగింది” అని పత్రికలో వార్త రావడానికి ఇంతకంటే ఏం కావాలి?

దీన్ని విడదీసే తీరు ఇది.

మొదట, పరిమాణంలో పెద్దవైన ఐదారు దేశాలను ఎంచుకొని ఒక్కోదానికి విడిగా ధర తీయండి. తర్వాత మొదటి ఏడాది పరిమాణాలను అలాగే నిలిపి ఉంచి, వాటిని రెండో ఏడాది ధరలతో గుణించండి. పై లెక్కలో 800ను 475తో, 200ను 1,425తో గుణించి కూడితే 6,65,000 వస్తుంది. వెయ్యి టన్నులకు పంచితే టన్నుకు 665. మొదటి ఏడు 700 కాబట్టి నిజమైన మార్పు ఐదు శాతం తగ్గుదల. 665 నుంచి 950 వరకు ఉన్న తేడా అంతా కూర్పు మారడం వల్ల వచ్చినదే.

దేశాల వారీగా విడదీసే ఓపిక లేకపోతే ఇంకో దారి ఉంది: మీ సరుకు ఏ రకమో ఆ రకాన్నే ఎక్కువగా కొనే ఒక్క దేశాన్ని పట్టుకొని, దాని గీతను మాత్రమే గమనించండి. పౌచ్‌లు అమ్మేవారికి దిమ్మల సగటుతో పని లేదు. అయితే ఒకే దేశంలోనూ కూర్పు మారవచ్చన్న అనుమానం వదలకండి, ముఖ్యంగా గల్ఫ్ దేశాల విషయంలో, ఎందుకంటే అక్కడ దిగిన సరుకులో కొంత తిరిగి ఎగుమతి అవుతుంది.

8. నెలను నిరుటి అదే నెలతో పోల్చండి

చెరకు గానుగ ఏడాది పొడవునా ఆడదు. మన ఉత్తరాంధ్ర వైపు బెల్లం వండకం చలికాలంలో ఊపందుకొని వేసవి దాకా సాగుతుంది, తర్వాత శీతల గిడ్డంగుల్లో నిలవ చేసిన సరుకు కదులుతుంది. జనవరిని ఆగస్టుతో పోల్చి ధర పెరిగిందంటే మీరు కొలిచింది సీజనునే. ఏ నెలకైనా దానికి ముందరి పన్నెండు నెలల మొత్తం విలువను, మొత్తం పరిమాణంతో భాగించి గీత గీస్తే ఈ ఎగుడుదిగుడు చాలావరకు సర్దుకుంటుంది. కాకపోతే ఆ గీత మలుపును ఆలస్యంగా చూపిస్తుందని గుర్తుంచుకోండి.

9. ప్రపంచ ధరను, ప్రభుత్వ ఉత్తర్వులను పక్కన పెట్టి చూడండి

ముడి చక్కెర ప్రపంచ ధరకు న్యూయార్క్ ఎక్స్ఛేంజిలో నడిచే 11వ నంబరు ఫ్యూచర్స్ ఒప్పందం (ముందు తేదీకి కుదుర్చుకునే బేరం) కొలబద్ద. దాన్ని పౌనుకు సెంట్లలో చెబుతారు. టన్నుకు డాలర్లు కావాలంటే సెంట్లను 22.046తో గుణించండి. 2023 నవంబరులో అది 28 సెంట్ల దరిదాపులకు చేరి పన్నెండేళ్ళ గరిష్ఠ స్థాయిని తాకింది, అంటే టన్ను 617 డాలర్లు. 2025 నవంబరుకు 15 సెంట్ల దరిదాపులకు, అంటే 331 డాలర్ల దగ్గరకు దిగింది. తెల్ల చక్కెరకు లండన్‌లోని 5వ నంబరు ఒప్పందం ఉంది, అది టన్నుకు డాలర్లలోనే ఉంటుంది కాబట్టి మార్చనక్కరలేదు. బెల్లం ఈ ధరలను అడుగడుగునా అనుసరించదు, ఎందుకంటే పౌచ్ బెల్లం ధరలో ముడి సరుకు వాటా తక్కువ. అందువల్ల ప్రపంచ చక్కెర పడిపోయిందని మీ కొనుగోలుదారు ధర తగ్గించమంటే వెంటనే తల ఊపకండి.

ఉత్తర్వుల తేదీలు ఇంకా ముఖ్యం. 2018 ఫిబ్రవరిలో చక్కెర దిగుమతి సుంకం 50 శాతం నుంచి 100 శాతమైంది. ఆ మార్చిలోనే 20 శాతం ఎగుమతి సుంకాన్ని ఎత్తివేశారు. 2022 జూన్ 1 నుంచి చక్కెర ఎగుమతి స్వేచ్ఛా జాబితా నుంచి నియంత్రిత జాబితాలోకి, అంటే ప్రభుత్వ అనుమతి ఉంటేనే పంపగల జాబితాలోకి మారింది. 2023 అక్టోబరులో ఆ నియంత్రణను తదుపరి ఉత్తర్వుల వరకు పొడిగించారు, అందులో సేంద్రియ చక్కెర పేరు కూడా ఉంది. నియంత్రణ వర్తించిన కోడ్‌లు 1701 14 90, 1701 99 90. అంటే బెల్లం కోడ్‌లు వాటిలో లేవు. 2025 జనవరిలో ఆ సీజనుకు పది లక్షల టన్నుల చక్కెర ఎగుమతికి అనుమతి ఇచ్చారు.

ఈ తేదీలను మీ గీత మీద నిలువు గీతలుగా వేసుకోండి. నియంత్రణ అమలులో ఉన్న నెలల్లో ఆ రెండు కోడ్‌ల సగటును స్వేచ్ఛా మార్కెట్టు ధరగా చదవకండి. అది అనుమతి దొరికిన కొద్దిపాటి సరుకు ధర మాత్రమే. పరిమాణం కూలిన చోట ధర ఎంత బాగున్నా దానికి అర్థం లేదు.

10. దిగుమతులను వేరే కళ్ళతో చదవండి

ఎగుమతి విలువ ఎఫ్‌ఓబీ, అంటే సరుకు మన రేవులో ఓడ ఎక్కే వరకు అయిన విలువ. దిగుమతి విలువ సీఐఎఫ్, అంటే ఓడ కిరాయి, బీమా కలుపుకొని మన రేవుకు చేరేసరికి అయిన విలువ. ఈ రెండింటినీ పక్కపక్కన పెట్టి “మనం చౌకగా అమ్మి ఖరీదుగా కొంటున్నాం” అనడం సరికాదు. ఆ తేడాలో కిరాయి కూడా ఉంది. పైగా సీఐఎఫ్‌లో మన కస్టమ్స్ సుంకం ఉండదు. కిలో 60 రూపాయలకు రేవు చేరిన చక్కెరకు 100 శాతం సుంకం కలిస్తే మిగతా పన్నులకు ముందే 120 అవుతుంది. అంగడి ధరతో పోల్చదలిస్తే పోల్చవలసింది ఈ రెండో అంకెతో.

1701 14 90 దిగుమతులను చూసి మన దేశం భారీగా బ్రౌన్ షుగర్ తెప్పించుకుంటోందని తేల్చినవారిని నేను ఒకటి కంటే ఎక్కువసార్లు చూశాను. ఆ కోడ్‌లో వచ్చేదానిలో ఎక్కువ భాగం కాకినాడ, కాండ్లా, హల్దియా వంటి రేవుల దగ్గరి రిఫైనరీలు శుద్ధి చేసి తిరిగి ఎగుమతి చేయడానికి తెప్పించుకునే ముడి చక్కెర. తిరిగి ఎగుమతి చేసే షరతు మీద దానికి సుంకం పడదు. అందులో కాఫీ దుకాణాల్లో ఇచ్చే గోధుమ రంగు చక్కెర కొద్దిగా ఉన్నా, ఓడ నిండా వచ్చే సరుకు సగటులో దాని జాడే కనిపించదు. ఎలా గుర్తించాలంటే, దేశాల వారీగా చూసినప్పుడు ఒక్కో నెల పదుల వేల టన్నులుంటే అది ముడి చక్కెర, టన్నుల్లో ఉండి ధర రెండు మూడింతలుంటే అది చిల్లర సరుకు.

లాక్టోజ్ విషయం మరో తీరు. ఇది పాల తేటనీటి నుంచి తీసే చక్కెర, మాత్రల తయారీలో మందుకు తోడుగా కలిపే పొడి, అందుకే హైదరాబాదు మందుల కంపెనీలకు దీని ధరతో అంత పని. దీన్ని న్యూయార్క్ చక్కెర ధరతో పోల్చడం దండగ. దీని ధర పాడి పరిశ్రమతో, జున్ను తయారీతో ముడిపడి ఉంటుంది. మన కోడ్ స్వచ్ఛతను చూస్తుంది గాని గ్రేడును చూడదు కాబట్టి, ఆహార గ్రేడు, మాత్రల గ్రేడు, ఇన్హేలర్‌లలో వాడే మేలిమి గ్రేడు ఒకే గడిలో కలిసిపోతాయి. ఇక్కడ ఏడో మెట్టు తప్పనిసరి. మీరు కొనేది ఏ దేశపు ఏ గ్రేడో ఆ దేశపు గీతనే పట్టుకోండి. మొత్తం సగటు చూపించి సరఫరాదారుతో బేరమాడితే ఆయన నవ్వుకుంటాడు.

11. ఫలితాన్ని సరిచూసుకోండి

మొదటి పరీక్షకు రెండు నిమిషాలు చాలు, దీన్ని ఎన్నడూ మానకండి. ఒకే నెల రూపాయల విలువను డాలర్ల విలువతో భాగించండి. వచ్చేది ఆ నెల మారకపు రేటుకు దగ్గరగా ఉండాలి. 2023-24 నెలకు 83కు అటూ ఇటూ రావలసిన చోట 75 వస్తే మీరు రెండు వేర్వేరు సంవత్సరాల నిలువు వరుసలను పక్కపక్కన అతికించారని అర్థం. 8.3 గాని 830 గాని వస్తే లక్షలకూ మిలియన్లకూ మధ్య ఎక్కడో సున్నా జారింది.

రెండో పరీక్ష: దేశాల మొత్తం, కోడ్ మొత్తం సమానమవుతున్నాయో లేదో చూడండి. కుదింపు వల్ల చిల్లర తేడా రావచ్చు, అంతకు మించితే ఏదో దేశం జారిపోయింది.

మూడోది, అవతలి దేశపు అద్దంలో చూడడం. మనం ఫలానా దేశానికి పంపామన్న 1701 13 సరుకును ఆ దేశం మన నుంచి దిగుమతి చేసుకున్నట్టు కామ్‌ట్రేడ్‌లో ఎంత రాసుకుందో చూడండి. వారిది సాధారణంగా సీఐఎఫ్ కాబట్టి ధర మనదాని కంటే కొంత ఎక్కువే ఉండాలి. తక్కువ వస్తే అనుమానించాలి. ఓడ ప్రయాణంలో వారాలు గడుస్తాయి గనుక నెలను నెలతో కాకుండా ఏడాదిని ఏడాదితో పోల్చండి. పరిమాణాలు బొత్తిగా కలవకపోతే అక్కడి కస్టమ్స్ దాన్ని 1701 14లో వేసి ఉండవచ్చు. రెండూ కూడి మళ్ళీ చూడండి. అమెరికా లెక్కలు చూసేవారు ఒక తేడా గమనించాలి: ఆ దేశపు ప్రధాన దిగుమతి పట్టికల్లో విలువ సీఐఎఫ్ కాకుండా కిరాయి, బీమా కలపని కస్టమ్స్ విలువగా ఉంటుంది.

చివరిది మీ సొంత ఇన్‌వాయిస్. అందులోని ధర రేవు దాకా కలిపి ఉందా, కొనుగోలుదారు గోదాము దాకా కలిపి ఉందా చూసి, ఎఫ్‌ఓబీకి దించి, నికర బరువుతో భాగించి, మీ గీతలో ఆ నెల, ఆ దేశపు చుక్క పక్కన వేరే రంగులో పెట్టండి. మీది ఎప్పుడూ గీతకు పైనో, కిందో ఒకే దూరంలో నడుస్తుంటే భయం లేదు, అది మీ ప్యాకింగ్‌కూ, గ్రేడుకూ ఉన్న తేడా. గీత పెరుగుతుంటే మీ చుక్కలు పడుతుంటేనే కూర్చొని ఆలోచించాలి. స్థానిక యార్డు ధరతో కూడా పోల్చదలిస్తే మార్కెట్ యార్డుల ధరలు ఇచ్చే ప్రభుత్వ వెబ్‌సైటు ఆగ్‌మార్క్‌నెట్‌లో రోజువారీ ధరలు దొరుకుతాయి. అక్కడ ధరను ఏ తూకానికి, ఏ రంగు బెల్లానికి చెప్పారో చూసుకోకుండా మాత్రం ఎఫ్‌ఓబీ పక్కన పెట్టకండి.

ఇవన్నీ దాటిన గీత కిందనే పరిమాణాల గీతను కూడా గీసి, రెండింటినీ ఒకే కాగితం మీద ముద్రించుకోండి. మరుసటి నెల కొత్త అంకెలు చేర్చేటప్పుడు వెనకటి మూడు నెలలను మళ్ళీ దించుకొని, సవరించిన అంకెలను పాతవాటి మీద కాకుండా పక్క నిలువు వరుసలో వేయండి. నాలుగైదు నెలలు గడిచేసరికి మీ సరుకు తొలి అంకె తర్వాత సగటున ఎంత మారుతుందో మీకే కనబడుతుంది, తాజా నెల చుక్కను ఎంతవరకు నమ్మాలో దాన్ని బట్టి నిర్ణయించుకోండి.